బొమ్మ తీసేస్తే ఖాతా పోదు

(పూడూరు మండలం పొదుపు సంఘాల మహిళల కోసం చేసిన ప్రసంగం)



ఇప్పుడు ఇంటింటికీ ఫోను వచ్చింది. కూరగాయలు అమ్మిన పైసలు ఫోనులో పడుతున్నాయి. కిరాణా దుకాణంలో పైసలు ఫోనుతో కడుతున్నారు. సంఘం అప్పు బ్యాంకు ఖాతాలో పడుతుంది. ఆ ఖాతాకు తాళంచెవి కూడా ఇప్పుడు ఫోనే.

అదే ఫోనులో పిల్లలు ఆటలు ఆడుతున్నారు. తాళంచెవీ, ఆటబొమ్మా ఒక్క చోటనే ఉన్నాయి. దాని వల్ల ఒక ఇంటిలో ఏం జరిగిందో వినండి.

ఒక తల్లి కథ

పూడూరు మండలంలో ఒక ఊరు. బీజాపూర్ రోడ్డు మీద బస్సెక్కితే చేవెళ్ల మీదుగా పట్నం పోవచ్చు. ఆ ఊరిలో ఒక తల్లి ఉంది అనుకుందాం. ఇలాంటి తల్లులు ఊరూరా ఉన్నారు. ఆమెకు మీకు నచ్చిన పేరు పెట్టుకోండి.

ఆమెకు ఎకరం పొలం ఉంది. టమాట, పాలకూర, కొత్తిమీర పండిస్తుంది. తెల్లవారక ముందే మూటలు కట్టుకుని పట్నం పోతుంది. అమ్ముకుని వస్తుంది. ఆమెకు ఒక్కడే కొడుకు. తొమ్మిదో తరగతి చదువుతున్నాడు.

జూన్ నెలలో ఒక రోజు కొడుకు ఫోను పట్టుకుని వచ్చాడు.

"అమ్మా, ఒక్క రూపాయి కొట్టవా? ఆటలో కొత్త బట్టలొస్తయి" అన్నాడు.

ఒక్క రూపాయే గదా అనుకుంది తల్లి. పిన్ అంకెలు కొట్టింది. అంకెల పైన ఫోను మీద నాలుగు వరుసల రాత ఉంది. అప్పటికి ఆమెకు చదువు రాదు. కొడుకు తొందరలో ఉన్నాడు. వాడూ చదవలేదు.

కొడుకు రాత్రి పగలు ఆటలోనే ఉన్నాడు. బతుకమ్మ పండుగకు ముందు తల్లి గట్టిగా పట్టుబట్టింది. "నా ముందట ఆట తీసెయ్" అన్నది. కొడుకు ఆట బొమ్మ మీద వేలు నొక్కి పట్టాడు. "తీసేయాలా?" అని అడిగింది ఫోను. అవునని నొక్కాడు. బొమ్మ మాయమైంది. తల్లి మనసు నిమ్మళమైంది.

నవంబరు నెల. సంఘం కిస్తీ కట్టే రోజు. ఖాతాలో రెండు వందలు తక్కువ పడ్డాయి. అమ్మిన లెక్క ఉంది. ఖర్చు లెక్క ఉంది. రెండూ కలవలేదు. తండ్రికి కోపం వచ్చింది.

"వీడే దొంగతనంగ కొడుతున్నడు. బడి మానిపిచ్చి కోళ్లఫారంల పనికి పెడదాం" అన్నాడు.

"నేను తియ్యలేదు నాయినా! ఆట గూడ తీసేసిన. అమ్మ ముందటనే తీసేసిన" అని పిల్లవాడు ఏడ్చాడు. తల్లి నమ్మలేదు. ఒక దెబ్బ కూడా వేసింది.

కానీ ఆ రాత్రి ఆమెకు నిద్ర పట్టలేదు. నాలుగు నెలల నుంచి ఆమె సాయంత్రం చదువుల కేంద్రానికి పోతున్నది. అంకెలు వచ్చాయి. కూడుకుని కూడుకుని చదవడం వచ్చింది. లేచి దీపం వేసింది. ఫోనులో బ్యాంకు మెసేజీలు తెరిచింది. అవి ఇంగ్లీషులో ఉన్నాయి. ఇంగ్లీషు రాదు. అంకెలు వచ్చు. అంకెల మీద వేలు పెట్టుకుంటూ పోయింది. నోటుబుక్కులో రాసుకుంది.

జులై 7 – 299.
ఆగస్టు 7 – 299.
సెప్టెంబరు 7 – 299.
అక్టోబరు 7 – 299.
నవంబరు 7 – 299.

అయిదు మార్లు 299. కలిపితే 1,495 రూపాయలు.

తల్లి ఆలోచించింది. దొంగ ఒక్కో మారు ఒక్కో తీరుగా తీస్తాడు. నెలనెలా ఒకే తారీకున, ఒకే లెక్క తీసే దొంగ ఎవడు?

ఖాతా పుస్తకంలో పేరు

మరునాడు ఆమె నోటుబుక్కు పట్టుకుని సంఘం లెక్కలు రాసే అమ్మాయి దగ్గరికి పోయింది. ఆ అమ్మాయి మెసేజీలు చూసింది.

"అక్కా, మీవాడు దొంగ కాదు. ఇది ఆటోపే" అన్నది.

"ఆటోపే అంటే ఏంది?"

"తనంతట తానే పైసలు కట్టుడు. మొదటి నెలకు ఒక్క రూపాయి. ఆ తర్వాత నెలనెలా 299. నువ్వు పిన్ కొట్టినప్పుడు దానికే ఒప్పుకున్నట్టు."

"మరి ఆట తీసేసిండు గదా, పిల్లా!"

అప్పుడు ఆ అమ్మాయి ఒక మాట అడిగింది. "అక్కా, కిరాణా దుకాణంల నీకు ఖాతా ఉంది గదా. నువ్వు ఆ తొవ్వన పోవుడే మానేసినవ్ అనుకో. సేటు పుస్తకంలకెళ్లి నీ పేరు కొట్టేస్తడా?"

"ఎందుకు కొట్టేస్తడు? నేను పోయి లెక్క తెంపుకొని, నిలబడి కొట్టేయించుకోవాలె."

"గిది గూడ గంతే అక్కా. ఫోను మీద బొమ్మ తీసేసుడంటే ఆ తొవ్వన పోవుడు మానేసినట్టు. ఖాతా పుస్తకంల పేరు అట్లనే ఉంది."

అక్కలారా, ఈ ఒక్క ముచ్చట గుర్తు పెట్టుకోండి. బొమ్మ మీ ఫోనులో ఉంటుంది. ఖాతా కంపెనీ దగ్గర ఉంటుంది. ఫోనులో బొమ్మ తీసేస్తే కంపెనీ దగ్గరి ఖాతా పోదు.

ఆటకూ మీకూ మూడు ముడులు ఉంటాయి. ఒకటి పైసల ముడి. రెండు పేరు ముడి. మూడు బొమ్మ. చాలామంది మూడోది ఒక్కటే విప్పుతారు. మూడూ విప్పాలి. ఇదే వరుసలో విప్పాలి.

మొదటిది: పైసల ముడి

ముందుగా ఫోనును తెలుగులోకి మార్చుకోండి. సెట్టింగుల్లో 'భాష' అని ఉంటుంది. అందులో తెలుగు ఉంది. అప్పుడు చాలా మాటలు మీరే చదువుకోవచ్చు.

ప్లే స్టోర్ తెరవండి. పైన మూలకు గుండ్రంగా ఒక బొమ్మ గానీ, పేరులో మొదటి అక్షరం గానీ ఉంటుంది. దాన్ని నొక్కండి. పేమెంట్లు, సబ్‌స్క్రిప్షన్లు అనే మాటలు కనిపిస్తాయి. సబ్‌స్క్రిప్షన్ అంటే చందా. పత్రికకు చందా కట్టినట్టే ఆటకూ చందా ఉంటుంది. అందులోకి పోతే ఏ చందాలు నడుస్తున్నాయో కనిపిస్తాయి. ఆట పేరు చూసి నొక్కండి. 'రద్దు' అనే మాట వెతకండి. రద్దు చేయండి.

ఆ తర్వాత మీరు పైసలు కట్టే యాప్ తెరవండి. ఫోన్‌పే కావచ్చు, గూగుల్ పే కావచ్చు. అందులోనూ పైన మూలకు గుండ్రని బొమ్మ ఉంటుంది. లోపల 'ఆటోపే' అని ఉంటుంది. ఎవరికి నెలనెలా పైసలు పోతున్నాయో అక్కడ వరుసగా కనిపిస్తుంది. ఆటది ఉంటే రద్దు చేయండి. రద్దుకు పిన్ అడగవచ్చు. అది మీ చేతితో మీరే కొట్టండి. రెండు యాప్‌లు వాడితే రెండింటిలోనూ చూడండి.

ఆటోపేకు మొదట ఒప్పుకునేటప్పుడే పిన్ అడుగుతారు. ఆ తర్వాత 15,000 రూపాయల వరకు ప్రతిసారీ అడగరు. అందుకే తల్లికి తెలియకుండా అయిదు మార్లు పైసలు పోయాయి. కానీ రిజర్వు బ్యాంకు ఒక నియమం పెట్టింది. పైసలు తీసే 24 గంటల ముందు మెసేజీ పంపాలి. ఆ తల్లికీ నెలనెలా 6వ తారీకు లోపల మెసేజీ వచ్చింది. వచ్చినట్టు ఆమెకు తెలియదు.

ఫోనులో దొరకకపోతే భయపడకండి. పాస్‌బుక్కు తీసుకుని బ్యాంకుకు పోండి. నోటితో చెప్పడం కన్నా కాగితం మీద రాసి ఇవ్వడం మంచిది. ఇట్లా రాయండి:

"మేనేజరు గారికి నమస్కారం. నా ఖాతా నుంచి నెలనెలా 299 రూపాయలు ఆటోపే కింద పోతున్నాయి. నాకు అది అవసరం లేదు. దయచేసి ఆపండి." కింద ఖాతా నంబరు, తారీకు, సంతకం. వేలిముద్ర కాదు, సంతకం.

కొన్న పైసలు వాపసు వస్తాయా? ప్లే స్టోర్‌లో కొన్నప్పుడు 48 గంటల లోపల వాపసు అడగవచ్చు. ఆలస్యం చేస్తే దొరకడం కష్టం. అందుకే మెసేజీ వచ్చిన రోజే చదవాలి.

రెండవది: పేరు ముడి

ఆట మొదలుపెట్టినప్పుడు పిల్లవాడు ఒక పేరు ఇస్తాడు. అది ఫోను నంబరు కావచ్చు, జీమెయిల్ కావచ్చు, ఫేస్‌బుక్ కావచ్చు. దానితో కంపెనీ దగ్గర ఖాతా తెరుచుకుంటుంది.

ఈ ముడిని రెండు తీర్లుగా విప్పాలి. ఒకటి ఖాతా మూయడం. రెండు తాడు తెంపడం.

ఖాతా మూయాలంటే ఆట లోపలికి పోవాలి. పళ్ల చక్రం లాంటి గుర్తు ఉంటుంది. అది సెట్టింగుల గుర్తు. లోపల 'ఖాతా' గానీ 'అకౌంట్' గానీ ఉంటుంది. అక్కడ 'తొలగించు' గానీ 'డిలీట్' గానీ ఉంటుంది. గూగుల్ 2023లో ఒక నియమం ప్రకటించింది. ఖాతా తెరిపించే ప్రతి యాప్ ఖాతా మూసుకునే దారి కూడా చూపాలి. యాప్ లోపలా చూపాలి, బయట వెబ్‌సైటులోనూ చూపాలి. కాబట్టి దారి లేదని ఎవరన్నా అంటే నమ్మకండి. వెతకండి.

కొన్ని ఆటల్లో ఖాతా వెంటనే మూయరు. కొన్ని రోజుల గడువు పెడతారు. ఆ గడువులో పిల్లవాడు మళ్లీ ఆట తెరిస్తే మూసివేత రద్దవుతుంది. ఆ కొద్ది రోజులు ఓపిక పట్టాలని పిల్లవాడికి ముందే చెప్పండి.

తాడు తెంపడం అంటే ఆటకూ జీమెయిల్‌కూ మధ్య ఉన్న సంబంధం తీసేయడం. ఫోను సెట్టింగుల్లో 'గూగుల్' అని ఉంటుంది. అందులో మీ ఖాతా, దానిలో భద్రత. అక్కడ మీ ఖాతాతో కలిపి ఉన్న ఇతర యాప్‌ల పేర్లు కనిపిస్తాయి. ఆట పేరు నొక్కి సంబంధం తీసేయండి. కానీ తాడు తెంపినంత మాత్రాన ఖాతా మూసినట్టు కాదు. ముందు ఖాతా మూయండి. తర్వాత తాడు తెంపండి.

మూడవది: బొమ్మ

ఇప్పుడు బొమ్మ తీసేయండి. ఆఖరున ఎందుకు? లోపలికి పోతేనే ఖాతా మూయడం సులువు. తలుపు ముందే పీకేస్తే లోపలికి పోయే దారి వెతుక్కోవాలి. ఆ తల్లికి ఇదే జరిగింది. ఆట మళ్లీ ఫోనులోకి తెచ్చి, ఖాతా మూసి, మళ్లీ బొమ్మ తీయవలసి వచ్చింది.

ఇంకొక పని చేయండి. ప్లే స్టోర్ సెట్టింగుల్లో కొన్న ప్రతిసారీ పాస్‌వర్డ్ గానీ వేలిగుర్తు గానీ అడిగేలా పెట్టుకోవచ్చు. పెట్టుకోండి. పిన్ పిల్లలకు చెప్పకండి. పిల్లలు చూస్తుండగా కొట్టకండి.

మూడు జాగ్రత్తలు

ఒకటి. ఆట ఖాతా మూయబోయి జీమెయిల్ ఖాతానే మూయకండి. ఫొటోలు, ఫోను నంబర్లు దానిలోనే ఉంటాయి. ఏది తొలగిస్తున్నారో పేరు చదివి నొక్కండి.

రెండు. ఇంటర్నెట్టులో దొరికిన ఏదో నంబరుకు ఫోను చేసి "నా ఆట ఖాతా తీసేయండి" అని అడగకండి. ఆ నంబరు దొంగలది కావచ్చు. ఓటీపీ చెప్పమంటారు. పిన్ కొట్టమంటారు. పైసలు మీకు రావడానికి పిన్ అవసరం లేదు. పిన్ కొడితే పైసలు పోతాయి గానీ రావు. మోసం జరిగితే వెంటనే 1930 నంబరుకు ఫోను చేయండి. అది సర్కారు సైబర్ నేరాల సహాయ నంబరు. ఎంత తొందరగా చేస్తే పైసలు ఆపడానికి అంత వీలుంటుంది.

మూడు. సిమ్ము పారేస్తే ఖాతా పోతుందనుకోకండి. మీరు వదిలేసిన నంబరును 90 రోజుల తర్వాత కంపెనీ ఇంకొకరికి ఇవ్వవచ్చు. అప్పుడు మీ పేరు మీది ఖాతా వాళ్ల చేతికి పోయే ప్రమాదం ఉంది. ముందు ఖాతాలు మూసి, బ్యాంకులో నంబరు మార్చుకుని, తర్వాతే సిమ్ము వదలండి.

పైసలు పెట్టి ఆడే ఆటలు

ఇంతవరకు చెప్పింది బట్టలు, తుపాకులు కొనుక్కునే ఆటల సంగతి. పైసలు పందెం పెట్టే ఆటలు ఇంకా ప్రమాదం. రమ్మీ, క్రికెట్ పందేలు అలాంటివి. ఇవి పిల్లలే కాదు, పెద్ద మగవాళ్లూ ఆడుతున్నారు.

తెలంగాణ ప్రభుత్వం 2017లోనే గేమింగ్ చట్టాన్ని సవరించి ఆన్‌లైన్‌లో పైసలు పెట్టి ఆడటాన్ని నిషేధించింది. 2025 ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికీ ఒక చట్టం చేసింది. ఆ నెల 22న రాష్ట్రపతి ఆమోదం దొరికింది. ఆ చట్టం ప్రకారం ఇలాంటి ఆటలు నడిపేవారికి మూడేళ్ల వరకు జైలు, కోటి రూపాయల వరకు జరిమానా. ప్రకటనలు ఇచ్చేవారికి రెండేళ్ల వరకు జైలు, 50 లక్షల వరకు జరిమానా. ఆ చట్టంలో శిక్షలు ఆడించేవారికే గానీ ఆడి నష్టపోయినవారికి పెట్టలేదు.

సినిమా వాళ్లు చెప్పారని నమ్మకండి. ఇలాంటి యాప్‌లకు ప్రచారం చేశారని 2025 మార్చిలో సైబరాబాద్ పోలీసులు సినిమా నటుల మీద కూడా కేసు పెట్టారు.

ఆ ఖాతాలో ఇంకా పైసలు మిగిలి ఉంటే ఖాతా మూయకముందే బ్యాంకులోకి తీసుకోవాలి. "ముందు ఇంత కట్టు, అప్పుడు నీ పైసలు వాపసు ఇస్తం" అంటే అది మోసం. ఒక్క రూపాయి కూడా కట్టకండి. 1930కి చెప్పండి.

ఇది ఒక్క ఊరి బాధ కాదు

2022లో హైదరాబాదులో ఒక బాలుడు ఫోను ఆట మీద తల్లి ఖాతాలోంచి 36 లక్షల రూపాయలు ఖర్చు చేశాడని పత్రికల్లో వచ్చింది. తల్లి పైసలు తీసుకుందామని బ్యాంకుకు పోయినప్పుడే ఆ సంగతి తెలిసింది. అది చదువుకున్నవారి ఇల్లు కాదా? పట్నం కాదా? చదువు వచ్చినా మెసేజీ చదవకపోతే అంతే.

అమెరికాలో కూడా ఇదే గొడవ. పిల్లలు ఆటల్లో తెలియక కొన్నవాటికి తల్లిదండ్రుల పైసలు పోయాయి. 2014లో అక్కడి ప్రభుత్వ సంస్థ గట్టిగా నిలబడి పెద్ద కంపెనీల చేత పైసలు వాపసు ఇప్పించింది. ఆపిల్ 3 కోట్ల 25 లక్షల డాలర్లు, గూగుల్ కోటీ 90 లక్షల డాలర్లు తక్కువ కాకుండా ఇవ్వడానికి ఒప్పుకున్నాయి. చైనాలో 2021లో పిల్లలకు గంటల లెక్క పెట్టారు. పద్దెనిమిదేళ్ల లోపు వారు శుక్రవారం, శనివారం, ఆదివారం, పండుగ రోజుల్లో ఒక్కొక్క గంట మాత్రమే ఆన్‌లైన్ ఆటలు ఆడాలి.

అడిగినవారికే పైసలు వాపసు వచ్చాయి. అడగాలంటే లెక్క చూపాలి. లెక్క చూపాలంటే చదవాలి, రాయాలి.

ఇక ఆ తల్లి సంగతి

ఆ రోజు సంఘం అమ్మాయి దారి చెప్పింది. తల్లి వేలు పెట్టి చదివింది. చెప్పింది అమ్మాయే గానీ నొక్కింది తల్లే. చందా రద్దు చేసింది. ఆటోపే రద్దు చేసింది. కొడుకును కూచోబెట్టుకుని ఖాతా మూయించింది.

రాత్రి అన్నం పెడుతూ కొడుకుతో అన్నది: "నిన్ను కొట్టిన బిడ్డా. నువ్వు నిజమే చెప్పినవ్. చదవకుండ పిన్ కొట్టింది నేను."

కొడుకు తల ఎత్తలేదు. "ఒక్క రూపాయే అని చెప్పింది నేనే గదమ్మా" అన్నాడు.

తండ్రి ఆ నోటుబుక్కు తీసి అయిదు వరుసలు చూశాడు. మాట్లాడలేదు. కోళ్లఫారం మాట మళ్లీ ఎత్తలేదు. పిల్లవాడు బడికి పోతున్నాడు.

పోయిన 1,495 రూపాయలు తిరిగి రాలేదు. కానీ డిసెంబరు 7న పైసలు పోలేదు. తల్లి ఆ రోజు పొద్దున, సాయంత్రం రెండుసార్లు ఫోను చూసుకుంది. నోటుబుక్కులో "డిసెంబరు 7" అని రాసి పక్కన సున్నా పెట్టింది.

అక్కలారా! 1990ల మొదట్లో నెల్లూరు జిల్లా దూబగుంటలో ఆడవాళ్లు రాత్రి బడిలో అక్షరాలు నేర్చుకున్నారు. చదివిన పాఠం గురించి మాట్లాడుకున్నారు. పైసలు సారాకు పోతున్నాయని లెక్క చూసుకున్నారు. ఊరి సారా దుకాణం మూయించారు. ఆ పోరాటం జిల్లాలు దాటింది. 1993 అక్టోబరు 1న ఆంధ్రప్రదేశ్‌లో సారాను నిషేధించారు.

అప్పటి దుకాణం ఊరి నడుమ ఉండేది. అందరికీ కనిపించేది. ఈ దుకాణం ఇంట్లోనే, చేతిలోనే ఉంది. కనిపించదు. చదివితేనే కనిపిస్తుంది.

ఈ రోజు ఇంటికి పోగానే ఫోను తీయండి. మెసేజీల్లో ఒకే తారీకున, ఒకే లెక్క పోతున్నదేమో చూడండి. నోటుబుక్కులో రాయండి. సంఘం కూడే రోజు ఆ నోటుబుక్కు వెంట తెచ్చుకోండి.

ఆలోచించండి, మాట్లాడుకోండి

1. ఆట బొమ్మ తీసేసినా తల్లి పైసలు ఎందుకు పోయాయి?
2. మూడు ముడులు ఏవి? ఏ వరుసలో విప్పాలి?
3. మీ ఫోనులో ఆటోపే ఉందా? దేనికి ఉంది?
4. పిన్ కొట్టే ముందు ఏం చేయాలి?
5. మోసం జరిగితే ఏ నంబరుకు ఫోను చేయాలి? ఆ నంబరును మీ గోడ మీద మీ చేతితో రాయండి.